ఏమీ జరగని దినం

(హనుమకొండలో డాక్యుమెంటరీ తీయడం నేర్చుకుంటున్న యువతీయువకులతో ఒక డాక్యుమెంటరీ దర్శకుడు మాట్లాడిన మాటలకు అక్షరరూపం)

అందరికీ నమస్కారం. ఇంత ఎండల పనులు విడిచిపెట్టుకొని వచ్చిండ్రు, సంతోషం. వెనక కూసున్నోళ్లకు వినవడుతున్నదా? ఆ మూలకున్న ఫ్యాను కొంచెం బంద్ చేయండి తమ్ముడూ, చప్పుడు ఎక్కువున్నది. చప్పుడు గురించి తర్వాత చాలా చెప్పేదున్నది.

సూటిగ ఒక ప్రశ్న అడుగుత. మన ఊర్లకు కెమెరా ఎప్పుడొస్తది? రైతు పురుగుల మందు తాగితే వస్తది. గల్ఫు నుంచి శవపెట్టె దిగితే వస్తది. ఎలక్షన్లకు వస్తది, మేడారం జాతరకు వస్తది, బతుకమ్మకు వస్తది. చావుకు, పండుగకు, కొట్లాటకు తప్పకుంట వస్తది. ఈ మూడింటి నడుమ మనిషి బతికే దినాలుంటయి చూడండి, ఏడాదిల ఎక్కువ దినాలు అవే, వాటికి రాదు.

నేను చెప్పదల్చుకున్నది ఒక్కటే. కెమెరా వచ్చిన నాడు మనం చూసేది ఫలితం. దాని కారణాలన్నీ కెమెరా రాని నాడు తయారైతయి. రైతు చనిపోయిన ఇంటి ముంగట మైకు పెడితే భార్య ఏడుస్తది, తమ్ముడు అప్పు లెక్క చెప్తడు. రెండు నిమిషాలల్ల దుఃఖం తెలుస్తది. ఆ అప్పు ఎట్ల పెరిగిందో తెలువది. అది తెలువాలంటే జూన్ నెలల విత్తనాల దుకాణంల ఆయన ఏ గొంతుతోటి ఉద్దెర అడిగిండో వినాలె. పిలగాని ఫీజు, బోరు మోటారు రిపేరు ఒకే వారంల మీదవడితే ఏది ముందుగాల కట్టిండో చూడాలె. ఆ దినం ఆ ఇంట్ల ఎవరిని అడిగినా "ఏం లేదు సార్, రోజు లెక్కనే" అంటరు. ఆ రోజు లెక్కనే ఉన్న రోజును తీయడం నేను నేర్చుకున్న పని, మీకు నేర్పాలె అనుకుంటున్న పని.

దీన్ని పరిశీలనాత్మక డాక్యుమెంటరీ అని పుస్తకాలల్ల రాస్తరు. వ్యాఖ్యానం చదివే గొంతు ఉండది. మనిషిని కుర్చీల కూసోబెట్టి ప్రశ్నలడుగుడు ఉండది. "మల్లొక్కసారి అట్ల నడువు" అని చెప్పుడు ఉండది. పని నడుస్తుంటది, మాటలు నడుస్తుంటయి, కెమెరా అక్కడ ఉంటది.

చరిత్ర తొందరగ చెప్పి ముందుకు పోత. ఈ పద్ధతి రావడానికి ఒక యంత్రం కారణం. అంతకుముందు కెమెరా అంటే స్టాండు మీద కూసునే బరువైన పెట్టె, శబ్దం రికార్డు చేసే సామాను వేరే. అందుకని బొమ్మ తీసుకొచ్చి, స్టూడియోల ఒక గొంతుతోటి కథ చెప్పించేటోళ్లు. మన దేశంల 1948ల పెట్టిన ఫిల్మ్స్ డివిజన్ న్యూస్‌రీళ్ల గురించి మీ ఇండ్లల్ల పెద్దోళ్లను అడగండి. సినిమా షురూ కాకముందు వరద గురించి, డ్యామ్ గురించి, కొత్త ఫ్యాక్టరీ గురించి ఒక గంభీరమైన గొంతు చెప్తుండేది. ఆ గొంతుకు అన్నీ తెలుసు. తెర మీద మనుషులు తట్టలు మోస్తుంటరు, మగ్గం నేస్తుంటరు, వాళ్ల నోటి మాట మాత్రం మనకు వినవడేది తక్కువ. 1960వ యేడు అమెరికాల రాబర్ట్ డ్రూ, రిచర్డ్ లీకాక్ లాంటోళ్లు భుజాన పెట్టుకునే 16 ఎంఎం కెమెరా, చంకకు వేలాడేసుకునే టేపు రికార్డరు పట్టుకొని విస్కాన్సిన్ రాష్ట్రంల ఎన్నికల ప్రచారం తీసిండ్రు. అధ్యక్ష పదవికి పోటీల ఉన్న కెన్నెడీ జనంలకు నడుస్తుంటే కెమెరా ఆయన వెనకాలనే నడిచింది. అదే యేడు ఎండకాలంల పారిస్‌ల జీన్ రూష్, ఎడ్గార్ మోరిన్ అని ఇద్దరు దీనికి ఎదురు దారి పట్టిండ్రు. బజార్ల పోయేటోళ్లను ఆపి "మీరు సుఖంగ ఉన్నరా?" అని అడిగించిండ్రు. కెమెరా ఉన్నదని మనిషికి తెలిసినంక ఊకె చూసుకుంట ఉండుడెందుకు, ఆ కెమెరాతోటే మనిషిని కదిలించాలె అన్నది వాళ్ల వాదం. ఈ పంచాయితీ ఇంకా ఒడవలేదు. నేను మొదటి దారిల నడిచేటోణ్ణి. అయినా రెండో దారోళ్లు చేసిన ఒక పనిని నేను ఎన్నటికీ పక్కకు పెట్టను. దాని దగ్గరికి వస్త.

ఇప్పుడు ఒక ఇంట్లకు పోదాం. జగిత్యాల జిల్లా, కోరుట్ల అవతల ఒక ఊరు. అర్రల ఒకామె బీడీలు చేస్తున్నది. ఒళ్లె చాట. చాటల కత్తిరించిన తునికాకు, తంబాకు, దారం. ఈ పని తెలువనోళ్లకు చెప్త: ఆకు నానబెట్టి, తడి బట్టల చుట్టి మెత్తబడనిస్తరు. అచ్చు పెట్టి కత్తెరతోటి కొలతకు కోస్తరు. ఆకుల తంబాకు పోసి, వేళ్లతోటి చుట్టి, మూతి ముడిచి, దారం కడతరు. ఇరవై అయిదు బీడీలకు ఒక కట్ట. కూలి వెయ్యికి ఇంత అని. సాయంత్రానికి కార్ఖానాకు తీసుకపోతే అక్కడ చూసి, వదులున్నయి, సన్నగున్నయి పక్కకు తీస్తరు. ఆ తీసినయి లెక్కల రావు.

ఆమె చేతులను చూసుకోది. కండ్లు టీవీ మీద ఉంటయి, చెవి బయట ఆడుకునే పిలగాని మీద ఉంటది, వేళ్లు వాటి పని అవి చేస్తుంటయి. నేను మూలకు గోడకానుకొని కింద కూసున్న. ఆమె చేతులు, చాట, ఎదురుంగ స్టీలు చెంబుకు ఆనించిన ఫోను, మూడూ ఒక్క ఫ్రేముల ఉన్నయి. సౌదిల ఉన్న భర్త వీడియో కాల్ చేసిండు. అక్కడి ఎండ ముచ్చట, ఇక్కడి ఎండ ముచ్చట, వాళ్ల అవ్వ మోకాళ్ల నొప్పుల ముచ్చట నడిచింది. వేళ్లు ఆగలేదు. తర్వాత ఆయన అన్నడు, "అకామా (సౌదిల ఉండనిచ్చే పర్మిట్) రెన్యువల్ చేసిండ్రు. ఈ యేడు వచ్చుడు కాదు" అని.

వేళ్లు ఆగినయి. సగం చుట్టిన బీడీ వేళ్ల సందునే ఉన్నది. టీవీల ఏదో అడ్వర్టయిజుమెంటు పాట వస్తున్నది. కొంతసేపైనంక ఆమె, "మంచిది తియ్. పిలగాని ఫీజు పైసలు మాత్రం ఈ నెలల పంపు" అన్నది. మల్ల వేళ్లు కదిలినయి. ఆ బీడీ చుట్టి చాటల ఏసింది. దాన్నే మల్ల చేతులకు తీసుకొని చూసి, వదులైందని విప్పి, మల్ల చుట్టింది.

నేను "మీ ఆయన రాకపోతే మీకెట్ల అనిపిస్తది?" అని అడిగి ఉంటే, "ఏం జేస్తం సార్, మా బతుకులంతే" అనేది. అది అబద్ధం కాదు. బయటి మనిషికి, అందులో మొగమనిషికి, మర్యాదగ ఇచ్చే జవాబు అది. ఆ ఆగిన వేళ్లు మాత్రం ఎవలకూ ఇచ్చిన జవాబు కాదు. నాకు కావాల్సింది అది.

ఇక్కడ మీరు నేర్చుకోవాల్సిన పనితనం ఒకటున్నది. వేళ్లు ఆగినయని చూసేటోళ్లకు ఎట్ల తెలుస్తది? అంతకుముందు చాలాసేపు ఆగకుంట నడిచినయి కాబట్టి తెలుస్తది. నేను షాటును కత్తిరించి మూడు సెకన్ల చేతులు, మూడు సెకన్ల మొఖం, మూడు సెకన్ల ఫోను అని పెడితే ఆ ఆగుడు ఎవ్వలకూ కనవడది. పొడుగు షాటు ఎందుకు పెడతరు, ఇసుగొస్తది గదా అని మీరు అడుగుతరు. మామూలు అంటే ఏందో ముందుగాల చూసేటోని ఒంట్లకు ఎక్కాలె. అప్పుడే మామూలు తప్పిన ఘడియ పట్టువడుతది. ఈ సీను మొదటిసారి చూపించిన కాడ సినిమా చదువుకున్న పిలగాండ్లు ఊకెనే ఉన్నరు. వెనక కూసున్న బీడీలు చేసే ఆడోళ్లల్ల ఒకామె "అగో, చెయ్యి ఆగింది" అన్నది. ఆ పనిని బతికిన కండ్లకు అది వెంటనే కనవడ్డది. మీరు ఎవరి గురించి తీస్తున్నరో వాళ్ల కండ్లంత పదును మీ కండ్లకు రావాలె. అది రావడానికే టైము పడుతది, కెమెరా నేర్చుకోవడానికి కాదు.

వరంగల్ ఎనుమాముల మార్కెట్ యార్డుకు పోదాం. మిర్చి సీజన్ల అక్కడికి పోనోళ్లు మీల ఎవరూ ఉండకపోవచ్చు. రాత్రే ట్రాక్టర్లు, డీసీఎంలు వచ్చి బస్తాలు దింపుతయి. రైతులు బస్తాల మీదనే పండుకుంటరు. పొద్దున జెండా పాట, అంటే ఆ రోజు మొదటి వేలం, ఉంటది. కెమెరాలన్నీ ఆడికే వస్తయి. మిర్చి రకాన్ని బట్టి తేజకు ఇంత, వండర్ హాట్‌కు ఇంత, చపాటకు ఇంత అని ధర పలుకుతది, మైకులు పెడతరు, పోతరు. పొద్దటి వార్త అయిపోయింది.

జెండా పాట ధర ఆ రోజు మేలైన సరుకుకు పలికిన ధర. మిగిలిన బస్తాలన్నింటి సంగతి ఆ తర్వాత మొదలైతది. ఖరీదుదారు ఒక్కొక్క కుప్ప దగ్గరికి వస్తడు. బస్తాల చెయ్యి పెట్టి లోపలి కాయ తీస్తడు. రంగు చూస్తడు, పిసికి తేమ చూస్తడు, విరిచి గింజ చూస్తడు, రంగు పోయిన తాలు కాయ ఎంతున్నదో చూస్తడు. జెండా కుప్పకాడ ధర పలికినప్పటి నుంచి ఖరీదుదారు తన బస్తాల దగ్గరికి వచ్చేదాక రైతు ఏం చేస్తడు? నేను ఆ నడిమి టైమునే తీసిన. ఆయన బస్తా మూతి విప్పి పైనున్న తెల్ల కాయలు ఏరి లుంగీ కొంగుల వేసుకున్నడు. పక్కరైతు బస్తాల చెయ్యి పెట్టి కాయ చూసి తన కాయ చూసుకున్నడు. ఒక అడ్తి (కమీషన్ వ్యాపారి) గుమాస్తా అటు పోతుంటే లేచి నిలవడ్డడు, ఆయన వేరే దిక్కు పోయినంక కూసున్నడు. మంచినీళ్లకు పోతనని లేచి, ఎవరన్న వస్తరేమోనని మల్ల కూసున్నడు.

ధర తెగినంక హమాలీలు వచ్చిండ్రు, కాంట అయింది, తూకం చూసే దడవాయి లెక్క రాసిండు, కిందవడ్డ కాయలను ఆడోళ్లు చాటలకు ఎత్తిండ్రు. ఆయన చేతులకు తక్‌పట్టీ, అంటే అమ్మకం లెక్క చీటీ, వచ్చింది. దాన్ని మొత్తం చదివిండు, మడిచి అంగీ జేబుల పెట్టుకున్నడు, మల్ల తీసి చదివిండు. ఆ టైముల ఇంటినుంచి ఫోను మోగింది. చూసిండు, మోగనిచ్చిండు. చాయ తాగినంక తనే చేసిండు.

ఇంత తీసినంక, రైతు నష్టపోతున్నడని చెప్పే వ్యాఖ్యానం నాకు ఎందుకు? ధర చెప్పే హక్కు ఎవరి చేతుల ఉన్నది, ఎదురుచూసే పని ఎవరి వంతు అన్నది ఆయన లేచి కూసునే తీరుల ఉన్నది. మార్కెట్ మీద రాసిన రిపోర్టులు నేను చదువుత, అవి కావాలె. సినిమా చేయగలిగిన పని వేరే ఉన్నది, దాన్ని సినిమా చేయాలె.

చప్పుడు గురించి చెప్తనన్న గదా. యార్డుల బొమ్మ తీసుకొచ్చి చూస్తే మిర్చి ఎర్రగ, అందంగ ఉంటది. క్యాలెండరు మీదికి పనికొస్తది. ఘాటు బొమ్మల రాదు. అది వచ్చేది దగ్గుల. దస్తీ ముక్కుకు కట్టుకున్న ఆడోళ్ల దగ్గు, కొత్తగ వచ్చినోడు వరుసగ తుమ్మే తుమ్ములు, బస్తా దులిపినప్పుడు ఒక్కసారిగ లేచే దగ్గులు. ఏండ్ల సంది అక్కడ పనిచేసే హమాలీ మాత్రం మాట్లాడుకుంట మాట్లాడుకుంట గొంతు సవరించుకొని పోతుంటడు. ఈ తేడా మైకుల వినవడితే చాలు, ఆ పని మనిషి ఒంటిని ఏం చేస్తదో తెలుస్తది. కొత్తగ తీసేటోళ్లు కెమెరాకు లక్షలు పెట్టి మైకు దగ్గర పిసినారితనం చేస్తరు. ఉన్న పైసలల్ల ముందు మంచి మైకు కొనండి. మాటలు అయిపోయినంక కూడ ఆ అర్ర చప్పుడును కొంతసేపు ఊకె రికార్డు చేసుకోండి, ఎడిటింగుల అది లేకపోతే అతుకులు వినవడతయి. బొమ్మ విషయంల ఒక్కటి యాదికి ఉంచుకోండి: మన కరెంటు 50 హెర్ట్జ్, సెకనుకు 25 ఫ్రేములు, షట్టర్ సెకనుల 50వ వంతు పెట్టుకుంటే ట్యూబులైటు కింద బొమ్మ వణకది. తక్కినయి మీ ఫోనే చూసుకుంటది.

కెమెరా పోలేని జాగలు కూడ ఉన్నయి. గోదావరిఖనిలనో భూపాలపల్లిలనో బొగ్గుబాయి దిగేటోళ్ల గురించి తీయాలనుకుంటరు. భూగర్భంల గ్యాసుకు నిప్పు అంటుకునే ప్రమాదం ఉంటది కాబట్టి మామూలు ఫోన్లు, కెమెరాలు కిందికి తీసుకపోనియ్యరు. మంచి నియమం అది, ప్రాణాలకు సంబంధించింది. అంతమాత్రాన సినిమా ఆగిపోదు. మొదటి షిఫ్టుకు పోయే మనిషి ఇంట్ల చీకట్ల లైటు ఏసే కాడ మొదలు పెట్టండి. టిఫిన్ కట్టే ఆమెను, హాజరు వేసే మస్టర్ కాడ నిలవడ్డ వరుసను, షిఫ్టు దిగినంక స్నానం చేసి కూడ కండ్ల అంచుకు మిగిలే నల్ల గీతను తీయండి. కింద ఏముంటదో పైన ఎదురుచూసే మనుషుల తీరుల తెలుస్తది.

మేడారం సంగతి కూడ అంతే. రెండేండ్లకోసారి మాఘ పున్నానికి సమ్మక్క గద్దె మీదికొచ్చే ఘడియకు వందల కెమెరాలుంటయి. మీరొకరు ఎక్కువైతరు. జాతర అయిన తర్వాతి వారం, తిరుగువారం నాడు పోండి. కొబ్బరి చిప్పలు, కోడి ఈకలు, ప్లాస్టిక్ కుప్పలు ఎత్తే పారిశుద్ధ్య కార్మికుల వెంట నడవండి.

కొత్తవాడల జంపఖానాలు నేసే పెద్దమనుషుల దగ్గరికి మీరు పోతే ఇంకో సంగతి తెలుస్తది. వరంగల్ జంపఖానాకు 2018ల జీఐ (భౌగోళిక సూచిక) గుర్తింపు వచ్చింది. అప్పటి నుంచి, అంతకుముందు కూడ, వాళ్ల దగ్గరికి చాలామంది మైకులు పట్టుకొని పోయిండ్రు. మైకు కనవడంగనే వాళ్లు మగ్గం దిగి, అంగీ తొడుక్కొని, నూలు ధర, పాత రోజులు, సర్కారు చేయాల్సిన సాయం వరుసగ చెప్తరు. ప్రతి మాట నిజమే. అయినా అది మైకు కోసం తయారైన నిజం, ఎన్నోసార్లు చెప్పి చెప్పి అరిగింది. నేను ఆ మాటలు మొత్తం విన్న, కెమెరా తియ్యకుంటనే విన్న. మర్యాదగ వినాలె, ఎందుకంటే అది చెప్పుకోవాలని వాళ్లకున్నది. తర్వాత ఆయన మల్ల మగ్గం ఎక్కి, పోగులు లెక్కవెట్టుకుంట, దువ్వెన లాంటి పంజాతోటి పేకను, అంటే అడ్డపోగును, కొట్టుకుంట, పక్కన కూసున్న మనుమరాలికి ఏ రంగు తర్వాత ఏ రంగో చెప్తుంటే అప్పుడు కెమెరా తీసిన. ఆ పిల్ల ఫోన్ల ఆడుకుంట "ఊ" కొడుతున్నది. ఈ పని ఆ ఇంట్ల ఆయనతోటే ఆఖరా అన్న ప్రశ్న ఆ "ఊ"ల ఉన్నది.

1934ల మొదలైన వరంగల్ ఆజంజాహి బట్టల మిల్లు మూతవడ్డది. అందుల పనిచేసినోళ్లను ఇంటర్వ్యూ చేయొచ్చు, తొందరగ చేయాలె కూడ. నేను ఇంటర్వ్యూకు వ్యతిరేకిని కాను. పోయిన కాలానికి అది తప్ప వేరే దిక్కు లేదు. కాని తెల్లారుజామున మిల్లు గేటు ముంగట మనుషులు ఎట్ల నిలవడేటోళ్లో, ఆ మిషన్ల చప్పుడుల ఒకరినొకరు ఎట్ల పిలుచుకునేటోళ్లో, అన్నం గిన్నె ఎక్కడ పెట్టుకునేటోళ్లో ఏ ఇంటర్వ్యూ తెచ్చియ్యలేదు. ఇప్పుడు నడుస్తున్న బీడీ కార్ఖానా, మిర్చి యార్డు, సిరిసిల్ల సాంచలు (మరమగ్గాలు) కూడ ఒకనాటికి అట్లనే అయితయి. నడుస్తున్నప్పుడే తీయాలె.

ఒక ఊర్లకు పోయేటప్పుడు ఎవరి వెంట పోతున్నరో చూసుకోండి. సర్పంచు బండి మీద దిగితే మీరు సర్పంచు మనిషి. పెద్దోళ్ల ఇంట్ల ముందుగాల చాయ తాగితే మాదిగవాడల మీకు దొరికేది మర్యాద మాటలే. ఇది మన ఊర్ల నిజం, కెమెరా దీన్ని దాటుకొని పోలేదు. నేను తీయదల్చుకున్న మనుషుల ఇంటికే సక్కగ పోత, వాళ్ల ఇంట్లనే నీళ్లు తాగుత, అన్నం పెడితే తింట. "ఏ టీవీ సార్ మీది?" అని అడుగుతరు. పింఛను రాలేదని కాగితం ఇస్తరు. నేను టీవీ మనిషిని కాను, ఆఫీసు మనిషిని కాను, ఈ సినిమాతోటి మీ పింఛను రాదు అని మొదటిరోజే చెప్త. ఆ కాగితం ఏ ఆఫీసుల ఇయ్యాలెనో తెలిస్తే అది కూడ చెప్త. ఆశ పెట్టి తీసిన బొమ్మల మొఖాలు వేరే తీరుగ ఉంటయి, మీకు కనవడుతది.

దూరం నుంచి జూమ్ చేసి తీయడం నాకు నచ్చది. మనిషికి తెలువకుంట తీసినట్టే అది. దగ్గర కూసోండి, వాళ్లు కింద కూసుంటే మీరూ కింద కూసోండి, కెమెరా వాళ్ల కంటి ఎత్తుల ఉండాలె. ఎర్ర లైటు వెలుగుతున్నదని వాళ్లకు కనవడాలె, వద్దనుకుంటే చెయ్యి అడ్డం పెట్టే దూరంల మీరుండాలె. మొదట్ల అందరూ కెమెరా దిక్కే చూస్తరు, పిల్లలు లెన్సు ముందట ఎగురుతరు. ఎగరనీయండి. కసిరితే ఆ ఇంట్ల మీరు పోలీసైతరు. వాళ్ల పని వాళ్లను మల్ల పిలుస్తది. మీకన్న ఆ పని బలమైంది.

ఒప్పుకోలు గురించి కొంచెం ఎక్కువ చెప్పనీయండి, ఇది సంతకం పెట్టించుకునే కాగితంతోటి ఒడిసేది కాదు. అమెరికాల ఫ్రెడరిక్ వైజ్‌మన్ ఈ పద్ధతికి పెద్ద పేరు. లా చదివిన మనిషి. షూటింగుల ఆయన చేతుల కెమెరా ఉండేది కాదు, మైకు ఉండేది. మైకు ఎటు పోతే కెమెరామన్ అటు చూసేటోడు. 1967ల వచ్చిన ఆయన మొదటి సినిమా, నేరాల్ల ఇరుక్కున్న మానసిక రోగులను పెట్టే ఒక జైలు ఆసుపత్రి మీద తీసింది. లోపట వాళ్లను ఎంత హీనంగ చూస్తున్నరో లోకానికి తెలిసింది. ఆ రోగుల ఏకాంతానికి భంగమని మసాచుసెట్స్ కోర్టు మామూలు జనానికి చూపొద్దన్నది. 1991 దాక అది చూపనియ్యలేదు. ఆ సినిమా రాకపోతే ఆ గోడల వెనక సంగతి తెలిసేది కాదు. ఆ సినిమాల ఒంటి మీద బట్ట లేకుంట నిలవడ్డ రోగి "వద్దు" అనగలిగే స్థితిల లేడు, అదీ నిజం. ఇండ్లకాడ, ఆసుపత్రుల కాడ, ఠాణాల కాడ తీసే ప్రతిసారి ఈ రెండు నిజాలు మీ ఎదురుంగ నిలవడతయి. నా మటుకు నేను, "వద్దు" అనలేని మనిషిని తీయను. ఒకవేళ దానివల్ల పెద్ద సినిమా పోతే పోనీ అనుకుంట.

ఆ బీడీలు చేసే ఆమె విషయం చెప్త. అదే ఫోన్ల, ఆ ముచ్చటకు కొంచెం ముందు, ఒక అప్పు మాట వచ్చింది. ఎవరి దగ్గర, ఎంత మిత్తికి అన్నది వచ్చింది. ఎడిటింగుల ఆ మాట చాలా బలంగ ఉండె. గల్ఫు బతుకు మొత్తం అందుల ఉన్నది: పోవడానికి చేసిన అప్పు, అది తీరేదాక రానియ్యని అప్పు. షూటింగు అయినంక తెల్లారి ఆమె వాకిట్లకు వచ్చి, "అన్నా, ఆ పైసల ముచ్చట మా అత్తకు తెల్వది. అది పెట్టకు" అన్నది. తీసేసిన. నిర్మాతగ ఉన్న దోస్తేమో, ఆ మాటల పేర్లు వినవడకుంట చేసి సీను ఉంచుదామన్నడు. ఊర్ల గొంతు గుర్తుపట్టనిది ఎవరు? ఆమె ఇంట్ల ఆమె రేపు బతకాలె. సినిమా ఒక సీను తక్కువతోటి కూడ బతుకుతది.

పైసలు ఇయ్యాల్నా అని అడుగుతరు. సీను కోసం ఇయ్యను, ఇస్తే వాళ్లు నా కోసం ఆడతరు. నా వల్ల పని ఆగి బీడీలు తక్కువైతే ఆ కూలి మాత్రం లెక్క చూసి ఇస్త. అది వాళ్ల సొమ్ము.

ఎడిటింగు గురించి ఒక్కటే చెప్త. నేను జోక్యం చేసుకోలేదు, ఉన్నది ఉన్నట్టు చూపిన అని ఏ డాక్యుమెంటరీ దర్శకుడన్నా చెప్తే నమ్మకండి. రోజుల కొద్ది తీసినదాన్ని గంటన్నరకు దించినోడు ప్రతి కత్తిరింపుల తన అభిప్రాయం చెప్తున్నట్టే. అది తప్పు కాదు, దానికి జవాబుదారిగ ఉండాలె. నాకు ఒక నియమం ఉన్నది, మీకూ చెప్త. ఒక మనిషి మాట్లాడుతున్నప్పుడు వింటున్న ఇంకో మనిషి మొఖం చూపిస్తే, ఆ మొఖం ఆ ఘడియల తీసిందే అయ్యుండాలె. పొద్దున వేరే ముచ్చటకు నవ్విన మొఖాన్ని తెచ్చి సాయంత్రం మాట పక్కన అతికిస్తే ఒక మనిషి నోట్ల ఆయన అనని జవాబు పెట్టినట్టు. సీను ఎంత అందంగ కుదిరినా సరే, నేను అతికించను.

ఇగ ఆ పారిస్ వాళ్లు చేసిన పని. సినిమా తీసినంక అందుల ఉన్న మనుషులనే కూసోబెట్టి చూపించి, వాళ్లు ఏమన్నరో అది కూడ తీసి సినిమాలనే పెట్టిండ్రు. కొందరు ఇది నిజమన్నరు, కొందరు ఇది నటన అన్నరు. వాళ్ల దారి నాది కాకపోయినా ఈ పనిని నేను నా ధర్మంగ పెట్టుకున్న. బయట ఎక్కడా చూపకముందు, తీసిన ఊర్ల, తీసిన ఇంట్ల చూపించాలె. గోడకు తెల్ల దుప్పటి కట్టి చూపిస్తం. వాళ్లు పట్టే తప్పులు ఏ విమర్శకుడూ పట్టడు. యార్డు సినిమా చూసి ఒక హమాలీ అన్నడు, "మా సంగం మీటింగు పెట్టలేదేంది? మేము ఊకె మోసేటోళ్లమేనా?" అని. ఆయన మాట సబబు. ఒంటి కష్టం మీదనే కన్ను పెడితే, ఆ కష్టం చేసే మనిషి ఆలోచన, ఆయన లెక్క, ఆయన కొట్లాట ఫ్రేము బయట ఉండిపోతయి. రోజువారీ బతుకు అంటే చేతులే కాదు, సంఘంల చెయ్యి ఎత్తి మాట్లాడుడు కూడ రోజువారీ బతుకే. ఇప్పుడు తీస్తున్న దాంట్ల కూలి రేట్ల కోసం వాళ్లు కూసుండే మీటింగులు ఉన్నయి, గంటల కొద్ది ఉన్నయి.

రేపు పొద్దున ఆరింటికి ఎనుమాముల గేటు కాడ కలుద్దాం. కెమెరాలు తేవద్దు, ఫోన్లు జేబులల్లనే ఉంచుకోండి. ఒక్కొక్కరు ఒక్క మనిషిని ఎంచుకోండి, రైతో హమాలీయో చాట పట్టుకునే ఆమెనో చాయ అమ్మే పిలగాడో. ముందుగాల వాళ్లకు మీ పేరు, ఎందుకు వచ్చిండ్రో చెప్పండి. ఒప్పుకుంటేనే వాళ్ల దగ్గర కూసోండి, యార్డు ఖాళీ అయ్యేదాక ఉండండి. చూసింది సాయంత్రం ఇక్కడికి వచ్చి రాద్దాం. అందరూ దస్తీలు తెచ్చుకోండి, కండ్లు మండుతయి. ఇప్పుడు ప్రశ్నలుంటే అడగండి. ఆ ఫ్యాను వేసుకోవచ్చు తమ్ముడూ.